ఎద్దులతో చెప్పిన మాట

సంఘం ముందు కలిసిన ఆలుమగలు ఇంటికి పోయాక పొయ్యి దగ్గర కూడా కలుస్తారా అన్న అనుమానం గాబ్రియేలుకు చాలా ఏళ్లుగా ఉంది. అతను సంఘపెద్ద. మందిరం అరుగు మీద ఎన్నో తగవులు తీర్చాడు. ప్రతిసారీ మగవాడు తల ఊపడం, ఆడమనిషి కొంగుతో ముక్కు తుడుచుకుని ‘తప్పయింది’ అనడం, తాను ప్రార్థన చేయడం, అందరూ లేచి పంచెలు దులుపుకుని వెళ్లిపోవడం. ఆ తర్వాత ఆ ఇంట్లోంచి కేకలు వినబడకపోతే సమాధానం కుదిరిందనే అనుకునేవారు. కేకలు లేని ఇల్లంతా సమాధానంగా ఉన్నట్టేనా? ఈ మాట దేవుణ్ణి అడగడానికి కూడా గాబ్రియేలుకు మొహమాటంగా ఉండేది. పెద్దరికం ఇచ్చినవాడు ఆయనే కదా.

యుద్ధం మొదలై కిరసనాయిలు కరువైన ఆ ఏడు, ఎర్రగడ్డలు, అంటే ఉల్లిగడ్డలు, నేలలో ఊరుతున్న రోజుల్లో ఏసేపు తగవు అరుగు మీదికి వచ్చింది. ఆదివారం కడప నుంచి పాస్టరు అయ్యగారు వచ్చి, బల్ల మీద రొట్టె, ద్రాక్షారసం పెట్టి ప్రభు సంస్కారం ఇవ్వబోతున్నారు. కయ్యంలో ఉన్నవాళ్లు బల్ల దగ్గరికి రాకూడదని ఆ సంఘంలో కట్టడి. అందుకని గురువారం సాయంత్రమే పెద్దలు కూర్చున్నారు.

ఏసేపు చాప మీద కూర్చున్నాడు. అతని పెండ్లాం కృపమణి వాకిలి అవతల, తలుపు చెక్కకు ఆనుకుని నిలబడింది. ఆడవాళ్లు అక్కడే నిలబడాలి. మందిరం తాళంచెవి దగ్గర పెట్టుకునే లేవి, కట్టుబాట్ల విషయంలో గట్టివాడు, అతనే అడిగాడు.

“కృపమణీ, బావికాడ కపిల నడస్తా ఉంటే, మడికి నీళ్లు తిప్పే మడవ ఇడిసిపెట్టి ఇంటికి పోయినావా ల్యా?”

“పోయినా.”

“నీళ్లు తెగి పక్క చేన్లో సుబ్బయ్య మిరపనారు మునిగిందా ల్యా?”

“మునిగింది.”

“అయిపాయ. ఇంకేముండాది అడిగేదానికి?”

ఏసేపు చాప అంచున ఒక ఈతాకు పోగు లాగుతూ గాబ్రియేలుతో అన్నాడు. “ఆదివారం అందరి ముందర తప్పయిందని చెప్పమను పెద్దయ్యా. చెప్పకపోతే సోమారం బండి కట్టి మైదుకూరులో వాళ్లన్న ఇంటికాడ దించొస్తా. మళ్ల తోలుకొచ్చేది ల్యా.”

తలుపు చెక్క అవతలి మనిషి ఒప్పుకుందో లేదో అడగకుండానే లేవి కండువా సర్దుకుని, “ప్రార్థన చెయ్యప్పా,” అన్నాడు.

గాబ్రియేలు ప్రార్థన చేశాడు. మధ్యలో ఒకసారి కళ్లు తెరిచాడు. గడప అవతల రెండు పాదాలు కనిపించాయి. చీలమండల దాకా ఎండిన ఒండ్రు. పనిలోంచి నేరుగా వచ్చినట్టుంది. ఒక బొటనవేలు బండ మీద అటూ ఇటూ రాస్తోంది. గాబ్రియేలు మళ్లీ కళ్లు మూసుకున్నాడు గాని, ఎక్కడ ఆపాడో గుర్తు రాక అడిగిందే అడిగి ముగించాడు.

ఇంట్లో రాహేలమ్మ కాళ్లకు నీళ్లిస్తూ అడిగింది. “ఎందుకు పోయిందంట?”

“పోయినానని ఒప్పుకుండాది.”

“అది కాదు సంతోషమ్మ నాయనా. ఎందుకు పోయిందంట?”

కూతురికి ఆత్మకూరులో పెళ్లయి ముగ్గురు పిల్లలు పుట్టినా రాహేలమ్మ అతన్ని ఆ పిల్ల పేరుతోనే పిలుస్తుంది. గాబ్రియేలు అవసరమైన దానికంటే ఎక్కువసేపు కాళ్లు కడుక్కున్నాడు.

మర్నాడు పొద్దున అతను ఏసేపు చేని వైపు నడిచాడు. దూరం నుంచే కపిల గిలక కీచుమంటూ వినబడింది. బావి గట్టు నుంచి కిందికి వాలుగా ఉన్న దారిలో ఎద్దులు దిగుతున్నాయి. మోకు మీద కూర్చుని ఏసేపు వాటితో పాటు దిగుతున్నాడు. ఆ బరువుకు, నీళ్లు నిండిన తోలు తొండం బావిలోంచి పైకి లేచి తొట్టిలో భళ్లున కుమ్మరించింది. నీళ్లు కాలువ వెంట పరుగెత్తాయి. ఎద్దులు వెనక్కి నడుస్తూ మళ్లీ గట్టెక్కాయి. చేను కొసన కృపమణి సలికపారతో ఒక మడవ తెంచి ఇంకొకటి కడుతోంది.

ఆ పనిలో ఇద్దరికీ మాట ఉండి తీరాలి. బావి గట్టు అడ్డం ఉండడంతో తోలేవానికి మడులు కనబడవు. మడి నిండగానే కింద నుంచి “నిలుపూ” అని కేక రావాలి, పై నుంచి “ఓ” అనాలి, ఎద్దులు గట్టు మీద ఆగాలి, ఆలోగా మడవ మారాలి. ఇక్కడ కేకా లేదు, ఓ అనడమూ లేదు. ఏసేపు తన అంచనాకు ఆపుతున్నాడు, తన అంచనాకు తోలుతున్నాడు. కొన్ని మడుల్లో నీళ్లు నిలిచి ఎర్రగడ్డ పైరు పసుపుబారిపోయింది. కొన్నింట్లో నేల నెర్రెలిచ్చింది. ఇంటి సంగతి చేను మీద రాసిపెట్టినట్టుందని గాబ్రియేలుకు అనిపించింది.

ఏసేపు గట్టు మీద ఎద్దు మెడ నిమురుతూ, కిందికి వినబడేట్టు అన్నాడు. “రాముడా, ఆ నడిమి మడి నిండినట్టుండాది. చెప్పుపో ఆయమ్మకు.”

ఆ ఎద్దుల జతను సుబ్బయ్య దగ్గరే కొన్నాడు. వాటికి రాముడు, లచ్చన్న అన్నవి పాత పేర్లు. మారిస్తే పలకవని అలాగే ఉంచాడు.

కింద నుంచి జవాబు వచ్చింది. అదీ ఎద్దుకే. “రాముడా, నాకు కండ్లుండాయని చెప్పప్పా మీ అన్నకు.”

మిరప చేలోంచి సుబ్బయ్య తలపాగా విప్పి విసురుకుంటూ వచ్చాడు. “ఏమప్పా గాబ్రియేలూ, మీ యేసుసామి నీళ్ల మీద నడిసినాడంటనే. ఈళ్లు ఇట్లే కడితే ఆయప్ప నా చేన్లో గూడా నడవొచ్చు.”

“నారు శానా పోయిందా సుబ్బయ్యా?”

“సగం పోయింది. నారు పోతే పోయిందిలే, మళ్ల పోసుకుంటా. ఆ ఎద్దులను చూస్తే జాలేస్తాంది. ఇద్దరి మాటలు మోస్తాండాయి పాపం.”

గాబ్రియేలు నవ్వు ఆపుకుని కాలువ గట్టు వెంట కృపమణి దగ్గరికి పోయాడు. ఆమె కొంగు సర్దుకుని పార నేలకు ఆనించింది.

“ఆ పొద్దు మడవ ఇడిసి ఎందుకు పోయినావమ్మా?”

ఆమె అతని వైపు వింతగా చూసింది. ఆ మాట ఆమెను అడిగినవాళ్లు అతని కంటే ముందు ఎవరూ లేరు.

“నిలుపూ నిలుపూ అని గొంతు పోయేట్టు కేకేస్తి పెద్దయ్యా. పలకలా. చూస్తే ఎద్దులతో మాట్లాడుకుంటాండాడు. సరే, ఎద్దులే పెండ్లామైతే ఎద్దులే మడవ తిప్పుతాయిలే అని పోతి.”

“ఎప్పట్నుంచి ఇట్ల?”

“మైదుకూరు సంతకు పోయొచ్చిన కాణ్ణించి.”

“ఆడ ఏమైంది?”

“ఏం కాలా. నాకేం తెలుసు. ఆయప్పనడుగు.”

గాబ్రియేలు గట్టెక్కి అతన్ని అడిగాడు. ఏసేపు మోకు ముడి బిగిస్తూ, “నేను చెప్పేదేముండాది? ఆమెకు తెలుసు,” అన్నాడు.

“ఆమె నీకు తెలుసంటాంది.”

“అంటాది.”

“మాపున ఇద్దరూ మా ఇంటికి రాండి. వాక్యం వల్లె అయినాక ఉండిపోండి. సంగటి మా ఇంట్లోనే.”

శుక్రవారం సాయంత్రాలు గాబ్రియేలు ఇంటి వసారాలో వల్లె జరుగుతుంది. సంఘంలో చాలామందికి చదువు రాదు. ఆదివారం వాక్యాన్ని అతను ఒక్కొక్క ముక్కగా చదువుతాడు, వాళ్లు కళ్లు మూసుకుని, చేతులు కట్టుకుని, ఆ ముక్కను అలాగే అప్పజెపుతారు. అందులో ఏసేపు మొనగాడు. ఒక్కసారి వింటే చాలు, అక్షరం జారదు. ఆ రోజు కూడా అందరూ తడబడిన చోట అతను గుక్క తిప్పుకోకుండా చెప్పేశాడు.

అందరూ వెళ్లాక ఇద్దరూ మిగిలారు. కృపమణి అలవాటుగా గడప అవతలికి పోబోయింది. రాహేలమ్మ ఆమె చెయ్యి పట్టి చాప మీద కూర్చోబెట్టింది.

మొదట గాబ్రియేలు తనకు తెలిసిన పద్ధతిలోనే మొదలుపెట్టాడు. ఓర్పు గురించి చెప్పాడు. ఒకరినొకరు క్షమించాలన్నాడు. ఇద్దరూ తల ఊపారు. అరుగు మీద కూడా అందరూ ఇలాగే ఊపుతారు. తర్వాత, “ఇంక మీరు మాట్లాడండి,” అన్నాడు. అంతే, ఇద్దరూ ఒక్కసారే అందుకున్నారు. ఆమె మడవ అంటే అతను మిరపనారు అన్నాడు. ‘నిలుపూ నిలుపూ అని గొంతు పోయేట్టు కేకేస్తి, పలకలా, ఎద్దులతో మాట్లాడుకుంటాండాడు’ అని ఆమె అంటే అతను వినబడలేదన్నాడు. వినబడకపోవడమేంటి, ఎద్దుల తోక కదిలితే వినబడుతుందే అందామె. రాహేలమ్మ సంగటి కెలుకుతున్న తెడ్డు చేతిలో పట్టుకునే వచ్చి నిలబడింది.

గాబ్రియేలుకు విసుగొచ్చింది. “ఒరే ఏసేపూ, ఇంతసేపూ వాక్యం పొల్లు పోకుండా చెప్తివే! ఇంట్లో మనిషి చెప్పేది ఒక్క ముక్కన్నా వింటాండావా?”

ఆ మాట అతని నోట్లోంచి విసుగుతోనే వచ్చింది గాని, వచ్చాక అతనే ఆగి ఆలోచించాడు. ఎదురుగా ఉన్నవాడు వల్లెలో మొనగాడు.

“ఇట్ల చేద్దాం. ఆమె ఒక మాట చెప్తాది. నువ్వు దాన్ని వల్లె వెయ్యి. విన్నది విన్నట్టు. అది సరిగ్గా వచ్చినాకనే నీ జవాబు. మళ్ల నువ్వు చెప్తే ఆమె వల్లె వేస్తాది.”

“ఇదేం సదువు పెద్దయ్యా?”

“చెయ్యరా. నీకు రానిదా?”

ఏసేపు చేతులు కట్టుకుని, కళ్లు మూసుకుని, వీపు నిటారు చేసి కూర్చున్నాడు. కృపమణి కొంగు కొస వేలికి చుట్టుకుంటూ చెప్పింది. “నా మొగుడు నాతో మాట్లాడడు. ఎద్దులతో మాట్లాడతాడు.”

ఏసేపు వల్లె రాగంలోనే అందుకున్నాడు. “నా మొగుడు నాతో మాట్లాడడు. ఎద్దులతో మాట్లాడతాడు. ఆమేన్.”

రాహేలమ్మ తెడ్డు అడ్డం పెట్టుకుని నవ్వింది. గాబ్రియేలు మీసం కదిలింది. కృపమణి రెండు చేతులతో నోరు మూసుకుంది, అయినా వేళ్ల సందుల్లోంచి నవ్వు బయటికి వచ్చేసింది. ఏసేపు కళ్లు తెరిచి ఆమెను చూశాడు. అతని మొహం ఒక్కసారిగా గట్టిపడింది.

“సూడు పెద్దయ్యా. నవ్వుతాంది. ఆ పొద్దు సంతలో నవ్వినట్టే నవ్వుతాంది.”

కృపమణి నవ్వు ఆగిపోయింది. “ఏ పొద్దు?”

“మీ అన్న నన్ను నలుగురిలో నిలబెట్టిన పొద్దు. ‘మా చెల్లెలు మడవ తిప్పబట్టి నీకింత సంగటి’ అనలా? వాడంటే అన్నాడులే. నువ్వు నవ్వితివి.”

గాబ్రియేలు మెల్లగా, “వల్లె వెయ్యి కృపా,” అన్నాడు.

ఆమె మొదలుపెట్టింది. “మీ అన్న... నలుగురిలో...” మళ్లీ మొదటి నుంచి చెప్పింది. “మీ అన్న నన్ను నలుగురిలో నిలబెట్టిన పొద్దు. వాడంటే అన్నాడులే. నువ్వు...” ఆగింది. “నేను నవ్వితిని.”

విన్నది విన్నట్టు కాదది. గాబ్రియేలు దిద్దలేదు.

“ఇప్పుడు నీ జవాబు చెప్పమ్మా.”

ఆమె ఏసేపును చూడకుండా, చాప మీద అతను ఆనించిన చేతిని చూస్తూ చెప్పింది. “మా అన్న తాగిండె. చేతిలో కట్టె ఉండె. నేను నవ్వకపోతే నీ మీదికొస్తాడని నవ్వితి. భయపడి నవ్వితి. మా ఇంట్లో చిన్నప్పట్నుంచి అంతే. వాడరిస్తే మేం నవ్వుతాం. నవ్వితే సల్లబడతాడు.”

“వల్లె వెయ్యి ఏసేపూ.”

ఏసేపు చేతులు కట్టుకున్నాడు. కళ్లు మూసుకోలేదు. మోకు రాపిడికి కాయలు కాసిన అరచేతులు విప్పి చూసుకున్నాడు. తర్వాత లేచి, కండువా భుజాన వేసుకుని, ఎవరికీ చెప్పకుండా వాకిలి దిగి వెళ్లిపోయాడు.

“అయ్యో, సంగటి!” అంది రాహేలమ్మ. రెండు ముద్దలు గిన్నెలో వేసి, మీద పచ్చడి పెట్టి కృపమణి చేతికిచ్చింది. ఆమె గిన్నె కొంగు కింద దాచుకుని అతని వెనకాలే దూరంగా నడిచింది.

గాబ్రియేలు ముద్ద పక్కన పెట్టాడు. “చెడగొట్టినట్టుండా,” అన్నాడు. “అరుగు మీదైతే ఆమె తప్పయిందనేది, వాడు తలూపేవాడు. అయిపోయేది.”

“అయిపోయేది,” అంది రాహేలమ్మ.

శనివారం పొద్దున్నే లేవి వచ్చాడు. “ఆయమ్మ చెప్తాదా చెప్పదా? అయ్యగారి ముందర రచ్చ కాకూడదు.”

“నాకు తెలీదు లేవీ.”

“పెద్దోనివి నువ్వే తెలీదంటే ఎట్లప్పా? కట్టడి కట్టడే. నీ మనసు మెత్తదని నాకు తెల్సు. మెత్తదనంతో సంఘం నిలబడదు.”

లేవి చెడ్డవాడు కాడు. కరువు ఏడు తన గింజలు సగం సంఘానికి పంచినవాడు. అందుకే గాబ్రియేలు అతనితో వాదించలేదు.

లేవి పోయాక కాడికి కొత్త పలుపు పేనుతూ కూర్చున్నాడు. రాహేలమ్మ కొర్రలు చెరుగుతూ ఏదో చెబుతోంది. అతను మధ్యమధ్య ఊఁ అంటున్నాడు. చేట చప్పుడు ఆగింది.

“ఇప్పుడు నేనేం చెప్పినానో వల్లె వెయ్యి.”

గాబ్రియేలు చేతిలో పలుపు జారింది. “బర్రె... బర్రె ఈనేదానికి...”

“బర్రె సంగతి నిన్నటిది.”

“సంతోషమ్మ కబురంపింది...”

“అది మొన్నటిది.” ఆమెకు కోపం రాలేదు. పొట్టు ఊదింది. “ఊళ్లో వాళ్లకు సదువు చెప్తాండావు. బాగుండాది. పెండ్లయిన కొత్తలో నిన్నొకటడిగితి. ‘రేపు’ అంటివి. ఆ రేపు ఇంగా రాలా.”

“ఏమడిగినావు?”

“నువ్వే గుర్తు చేసుకో,” అని ఆమె చేట ఎత్తుకుని పెరట్లోకి పోయింది.

చీరా? ఆమె అడిగిన చీరలు ఎప్పుడో ఒకప్పుడు వచ్చాయి. డోన్‌లో రైలు చూపించమన్నదా? చూపించాడు, ఆమె పొగకు దగ్గి చాలంది. పలుపు పేనడం పూర్తయినా, ఎద్దుల మెడకు అది సరిపోయినా, ఆమె అడిగిందేమిటో గుర్తు రాలేదు. ఏసేపు గొడవ ఒకవైపు, ఇది ఒకవైపు. రాత్రి పడుకోబోయే ముందు అతను దేవుణ్ణి రెండింటికీ కలిపి ఒకే సాయం అడిగాడు.

ఆదివారం మందిరం నిండింది. మగవాళ్లు ఒకవైపు, ఆడవాళ్లు ఒకవైపు చాపల మీద కూర్చున్నారు. బల్ల మీద తెల్లగుడ్డ కింద రొట్టె, ద్రాక్షారసం. అయ్యగారు పెద్దవారు, దారి దుమ్ము కడుక్కున్నా కళ్ల కింద ఎర్రగా ఉంది. పాట అయ్యాక లేవి లేచాడు.

“కృపమణి నిలబడాల.”

ఆడవాళ్ల మధ్య ఆమె నిలబడింది. కొంగు నిండుగా కప్పుకుంది. నోరు తెరిచింది గాని, అంతలో మగవాళ్ల వైపు చాప కదిలింది. ఏసేపు లేచి నిలబడ్డాడు.

“నువ్వు కాదప్పా,” అన్నాడు లేవి. “కూర్చో.”

ఏసేపు చేతులు కట్టుకున్నాడు. కళ్లు మూసుకున్నాడు. వీపు నిటారు చేశాడు. వల్లె రాగంలో, ప్రతి మాటా విడదీసి చెప్పాడు.

“నిలుపూ నిలుపూ అని గొంతు పోయేట్టు కేకేస్తి. పలకలా. ఎద్దులతో మాట్లాడుకుంటాండాడు. నేను నవ్వకపోతే నీ మీదికొస్తాడని నవ్వితి. భయపడి నవ్వితి.”

వెనక కూర్చున్న ఒక ముసలామె పక్కామెతో, “ఈనికేమైంది, ఆడదాని మాదిరి చెప్తాండాడు!” అంది. కొందరు నవ్వారు. అయ్యగారు గాబ్రియేలు వైపు చూశారు. గాబ్రియేలు మాత్రం ఏసేపునే చూస్తున్నాడు. ఇన్నేళ్ల వల్లెలో ఒక్క అక్షరం వదలనివాడు ఈ రోజు కొన్ని మాటలు వదిలేశాడు. ‘మా అన్న తాగిండె, చేతిలో కట్టె ఉండె. మా ఇంట్లో చిన్నప్పట్నుంచి అంతే.’ ఆమె పుట్టింటి మాటలు. వాటిని సంఘంలోకి రానివ్వలేదు.

కృపమణి కూడా అది విన్నది. ఆమె చేతులు కట్టుకుంది గాని, కళ్లు మూసుకోలేదు. “నన్ను నలుగురిలో నిలబెట్టిన పొద్దు నువ్వు నవ్వితివి,” అంది, అతని మాటగా. తర్వాత తన మాటగా, “మడవ ఇడిసిపోయింది నేనే. నారు మునిగింది,” అంది.

“పలకంది నేనే,” అన్నాడు ఏసేపు.

ఇద్దరూ నిలబడే ఉన్నారు. లేవి అటొకసారి ఇటొకసారి చూశాడు. “ఇంతకీ తప్పెవరిదని రాసుకోవాల అయ్యగారూ?”

అయ్యగారు గడ్డం రుద్దుకుని, “సంఘపెద్ద ఏమంటారు?” అన్నారు.

గాబ్రియేలు లేచాడు. చెప్పాల్సింది చాలా ఉందనుకున్నాడు గాని, నోట్లోకి కొంచెమే వచ్చింది. “ఆమె మాట వానికి చేరింది, వాని మాట ఆమెకు చేరింది అయ్యగారూ. మనకు పూర్తిగా తెలియకపోయినా పరవాల్యా.”

“మరి సుబ్బయ్య నారు?” అన్నాడు లేవి, అంత తేలిగ్గా వదలలేక.

“మా మిరప నారుమడిలోది ఇస్తాం,” అని ఇద్దరూ ఒకేసారి అన్నారు. అన్నాక ఒకరినొకరు చూసుకున్నారు. సంత నుంచి వచ్చాక వాళ్లు నేరుగా చూసుకోవడం అదే మొదలేమో.

అయ్యగారు బల్ల మీద గుడ్డ తీశారు.

ఆ సాయంత్రం చమురు ఆదా చేయడానికి వెలుగుండగానే గాబ్రియేలు ఇంట్లో ప్రార్థనకు కూర్చున్నారు. పడమటి వైపు నుంచి కపిల కీచు వినబడింది. పరిశుద్ధ దినాన పని చేయొచ్చా అని లేవి రేపు అడుగుతాడు. నెర్రెలిచ్చిన మడులు రేపటి దాకా ఆగవని గాబ్రియేలు చెప్పుకోవాల్సి ఉంటుంది. అంతలో సన్నగా, “నిలుపూ,” అని ఆడగొంతు, దాని వెంటే “ఓ” అని మగగొంతు.

రాహేలమ్మ సంగటి గిన్నె మీద మూత పెట్టి వచ్చి చాప మీద కూర్చుంది. గాబ్రియేలు కళ్లు మూసుకోలేదు.

“నాకు గుర్తు రాలా,” అన్నాడు. “ఎంత ఆలోచించినా రాలా. నువ్వే చెప్పు. నేను వల్లె వేస్తా.”

ఆమె చాలాసేపు గాజులు సర్దుకుంది.

“ఒక మాపు ప్రార్థన నేను చేస్తానంటి. గొంతెత్తి. నువ్వు రేపంటివి.”

గాబ్రియేలు చేతులు కట్టుకున్నాడు. “ఒక మాపు ప్రార్థన నేను చేస్తానంటి. గొంతెత్తి. నువ్వు రేపంటివి.” చాప మీద కొంచెం వెనక్కి జరిగి తల వంచాడు. “చెయ్యి.”

“ఇప్పుడా? సంగటి సల్లారుతాది.”

“సల్లారనీ.”

రాహేలమ్మ కళ్లు మూసుకుంది. మొదట గొంతు గుసగుసలా వచ్చింది.

“తండ్రీ, ఇన్నేండ్లు లోపల్లోపలే చెప్తాంటి, వింటాంటివో లేదో తెలీదు. ఇప్పుడు ఇనబడేట్టు చెప్తాండా. ఆత్మకూరులో సంతోషమ్మ చిన్నబిడ్డకు దగ్గు తగ్గించు. మా బర్రె సుకంగా ఈననీ. ఆ లేవప్పకు మోకాలి నొప్పి, చెప్పుకోడు, అందుకే సిరసిరలాడతాడు, సూడు ఆయప్పను. సుబ్బయ్య నారు బతకనీ, ఆయన మనోడు కాడని అనుకోవద్దు...”

మందిరంలో ఎవరూ ఇలా ప్రార్థన చేయరు. స్తుతి ముందు రావాలి, తర్వాత ఒప్పుకోలు, తర్వాతే విన్నపం. గాబ్రియేలు నోరు తెరిచాడు. మూసుకున్నాడు.

“...ఈయప్పకు పెద్దరికం బరువైతాండాది. ఎవరింట్లో గొంతు లేచినా ఈయప్పకు నిద్ర పట్టదు, పక్కకు తిరిగి పండుకుని నిద్ర పోయినట్టు నటిస్తాడు. నాకు తెలీదనుకుంటాడు...”

ఆమె ఆగింది. వెలుగు తగ్గుతోంది. గాబ్రియేలు ఆమేన్ అనడానికి తల ఎత్తాడు. ఆమె కళ్లు ఇంకా మూసుకునే ఉన్నాయి.

“అయిందా?” అన్నాడు మెల్లగా.

“ఇంగా ఉండాది.”

“కానీలే,” అని అతను మళ్లీ తల వంచుకున్నాడు.